యాపిల్ క్రంబుల్ ప్రాజెక్టు డైరీ: అడుగున ఊట, పైన పచ్చిపిండి

కింద ఉడికిన యాపిల్ ముక్కలు, పైన మైదా, బటర్, పంచదార కలిపి పొడిపొడిగా చల్లిన పొర, ఒవెన్‌లో ఓ ముప్పావు గంట. క్రంబుల్ అంటే ఇంతే. కేక్‌లా పొంగక్కర్లేదు, పిండి ఒత్తక్కర్లేదు. అందుకే "దీన్ని చెడగొట్టడం కష్టం" అంటుంటారు. చెడదు, నిజమే, ఎలా వచ్చినా తినేస్తాం. కానీ డిష్ అడుగున నీళ్లు, పైపొర కింద పచ్చిపిండి జిగురు, మధ్యలో కొరుకుడు పడని ముక్కలు మిగిలితే దాన్ని బాగా వచ్చిందని అనలేం. ఈ మూడూ పోవడానికి ఏం మార్చానో, ఎందుకు మార్చానో ఇక్కడ వరసగా రాసి పెట్టాను. బరువులన్నీ కాటా మీద తూచినవి, వేడి థర్మామీటర్‌లో చూసినది. తూకాలు ఉన్నవి ఉన్నట్టు వాడుకోవచ్చు. ఒవెన్ మాత్రం ఎవరిది వారిదే కాబట్టి దశ 1 దాటేయకండి.

వాడిన సామాన్లు:

- 20 సెం.మీ. చదరపు గాజు బేకింగ్ డిష్, లోతు 5 సెం.మీ., ఖాళీ బరువు 1,060 గ్రా.
- గ్రాము దాకా చూపించే డిజిటల్ కాటా
- ఒవెన్ లోపల పెట్టే థర్మామీటర్, గుచ్చి చూసే ప్రోబ్ థర్మామీటర్
- 28 సెం.మీ. వెడల్పు బాణలి
- పీలర్, చాకు
- ప్రయోగాల కోసం నాలుగు చిన్న పింగాణీ గిన్నెలు

వీటిలో డిష్, కాటా తప్పనిసరి. ఒవెన్ థర్మామీటర్ లేకపోయినా పని జరుగుతుంది, కానీ ఏది ఎందుకు తప్పుతోందో తెలియదు.

దశ 0: మొదలుపెట్టిన చోటు

కప్పుల లెక్కతో, ఎక్కడైనా దొరికే మామూలు కొలతలు:

1. యాపిల్స్ 1 కిలో. చెక్కు, గింజల భాగం తీసేశాక మిగిలింది 770 గ్రా.
2. ముక్కలు సుమారు 3 సెం.మీ., వాటిలో పంచదార 80 గ్రా.
3. పైపొరకి మైదా ఒకటిన్నర కప్పు, పంచదార అర కప్పు, బటర్ 100 గ్రా.
4. ఒవెన్ డయల్ 180 మీద, 35 నిమిషాలు.

వచ్చింది ఇదీ: అంచుల్లో ముదురు రంగు, మధ్యలో తెల్లగా. స్పూన్ దించితే పైన ఒక సెంటీమీటరు బాగానే ఉంది, దాని కింద తెల్లటి జిగురు పొర. ముక్కలు బయట మెత్తగా, లోపల గట్టిగా. డిష్ ఒక పక్కకి వంచితే మూలలో పల్చటి నీళ్లు చేరాయి.

ఇంకో పది నిమిషాలు ఉంచితే సరిపోయేదని మొదట అనిపిస్తుంది. ఉంచి చూస్తే అంచులు మాడాయి, జిగురు అలాగే ఉంది. కాబట్టి ఇది టైమ్ ఒక్కదానితో తేలే సమస్య కాదు. ఇక్కడి నుంచి ఒక్కసారికి ఒక్కటే మార్చడం మొదలైంది.

దశ 1: ఒవెన్ అసలు వేడి ఎంత

డయల్ 180 మీద పెట్టాక ప్రీహీట్ లైటు 11 నిమిషాలకి ఆరిపోయింది. అప్పుడు మధ్య అరలో థర్మామీటర్ చూపించింది 148. ఇంకో పది నిమిషాలకి 163. ఆ తర్వాత రాడ్లు ఆరుతూ వెలుగుతూ ఉంటే 156, 172 మధ్య ఊగుతూనే ఉంది. అంటే దశ 0లో డిష్ లోపలికి వెళ్లేసరికి 150 కూడా లేదు.

డయల్ 200 మీద పెడితే 174, 191 మధ్య ఊగింది, సగటున 182. ఇక మీదట నేను "180" అన్నచోట అది లోపలి వేడి, డయల్ మీది అంకె కాదు.

గుర్తు పెట్టుకోవాల్సినవి ఇంకొన్ని:

- తలుపు అర నిమిషం తెరిచి ఉంచితే 140కి పడింది, మళ్లీ 180 అవడానికి 6 నిమిషాలు. అయిందా లేదా అని మాటిమాటికీ తెరిస్తే బేకింగ్ టైమ్ అందులోనే పోతుంది.
- జాలీ అంతా బ్రెడ్ స్లైసులు పరిచి వేడి చేస్తే ఏ మూల ఎక్కువ కాలుతుందో రంగుని బట్టి తెలిసిపోతుంది. నా దాంట్లో వెనక కుడి మూల. అందుకే 20వ నిమిషంలో డిష్ ఒక్కసారి తిప్పుతాను.
- ఫ్యాన్ ఉన్న ఒవెన్ అయితే 20 డిగ్రీలు తగ్గించాలి. గాలి కదులుతుంటే పైభాగం త్వరగా రంగెక్కుతుంది, పండు మాత్రం అంత త్వరగా ఉడకదు.

సరైన వేడిలో అవే కొలతలతో చేస్తే ముక్కలు ఉడికాయి, మధ్యభాగం రంగు వచ్చింది. నీళ్లు, జిగురు మాత్రం కదల్లేదు.

దశ 2: కప్పుల బదులు కాటా

చిన్న పనే. ఒకే 240 మి.లీ. కప్పులో మైదా స్పూన్‌తో నింపి పైన గీస్తే 122 గ్రా., కప్పునే డబ్బాలో ముంచి తీస్తే 148 గ్రా. ఒకటిన్నర కప్పుకి 39 గ్రాముల తేడా. బటర్ 100 గ్రాముల దగ్గరే ఆగి ఉంటే ఆ 39 గ్రాముల పిండి పొడిగా మిగిలిపోతుంది. ఒకసారి బాగా వచ్చి ఇంకోసారి రాకపోవడానికి ఇది చాలు. ఇక్కడి నుంచి అన్నీ గ్రాముల్లోనే.

దశ 3: యాపిల్ ఊట

ఎక్కువ కాలం పట్టింది ఇక్కడే.

యాపిల్‌లో దాదాపు 85 శాతం నీరే. 750 గ్రాముల ముక్కలంటే అందులో సుమారు 640 గ్రాముల నీళ్లు. పంచదార తగలగానే కొంత బయటికి వస్తుంది, వేడికి కణాలు పగిలాక ఇంకొంత. ఆ నీటికి రెండే దారులు: అడుగున చేరడం, లేదా ఆవిరై పైపొర గుండా బయటికి పోవడం. మొదటిది అడుగున కనిపించే ఊట. రెండోది పైపొరని కింద నుంచి తడిపి జిగురు చేసేది. చూడటానికి రెండు సమస్యలుగా ఉన్నా మూలం ఒకటే.

అదెంతో తెలుసుకోడానికి డిష్‌ని ఒవెన్‌లోకి వెళ్లేముందు, బయటికి వచ్చాక తూచాను. ఖర్చు లేని పరీక్ష, బేకింగ్‌లో ఎందుకు చేయరో తెలియదు.

లెక్క, పచ్చి ముక్కలతో:
- పండు పొర (ముక్కలు, పంచదార, నిమ్మరసం, కార్న్‌ఫ్లోర్): 838 గ్రా.
- పైపొర: 332 గ్రా.
- డిష్‌తో మొత్తం: 2,230 గ్రా.
- బేక్ అయ్యాక: 2,104 గ్రా.
- పోయింది: 126 గ్రా.

బటర్‌లో 16 శాతం దాకా నీరు ఉంటుంది, 90 గ్రాములకి 14 గ్రా. అనుకుందాం. మైదాలో కూడా కాస్త తేమ ఉంటుంది, దాన్ని వదిలేద్దాం. మిగతా 112 గ్రాములూ పండులోంచి వచ్చినట్టే. అంటే దాదాపు అర గ్లాసు నీళ్లు ఆవిరై ఆ పిండి పొర గుండా పైకి వెళ్లాయి. అలాంటప్పుడు అది కరకరలాడకపోవడంలో వింతేం లేదు.

ముందు ముక్కల సైజు. 3 సెం.మీ. ముక్కల మధ్య పెద్ద ఖాళీలుంటాయి. పైపొర పొడి వాటిలోకి జారి, ఊటలో ఉడికి పేస్టులా తయారవుతుంది. దశ 0లో కనిపించిన తెల్లటి జిగురులో సగం అదే. 3 మి.మీ. పల్చటి స్లైసులు తరిగితే ఖాళీలు పోయాయి, కానీ అన్నీ కలిసి గుజ్జయ్యాయి. 1.5 సెం.మీ. దగ్గర కుదిరింది.

తర్వాత ఊట. పెద్ద డిష్‌లో ఒక్కో ప్రయోగానికి కిలో యాపిల్స్ పెట్టడం దండగ. నాలుగు చిన్న గిన్నెల్లో 150 గ్రా. చొప్పున ముక్కలు, 12 గ్రా. పంచదార, పైన ఒకే పిండిమిశ్రమం 60 గ్రా. నాలుగూ ఒకేసారి ఒవెన్‌లో, 30 నిమిషాలు. పావుగంట చల్లారాక గిన్నె వంచి, జారిన ఊటని తూచాను.

1. పచ్చి ముక్కలు, పంచదార మాత్రమే: ఊట 31 గ్రా., నీళ్లలా.
2. పచ్చి ముక్కలు, 3 గ్రా. కార్న్‌ఫ్లోర్ కలిపి: 8 గ్రా., చిక్కగా. కానీ ఒక పక్క సుద్దలాంటి రుచి.
3. పంచదారలో అర గంట నానబెట్టి, వచ్చిన రసం 22 గ్రాములని 9 గ్రాములకి మరిగించి తిరిగి పోసి: 13 గ్రా. ముక్కలు కాస్త సాగాయి.
4. బాణలిలో ముందే మగ్గబెట్టి, నీరు ఇగిరాక వేసినవి: 6 గ్రా., చిక్కగా. ముక్కలు మెత్తగా, విడివిడిగా.

రెండో గిన్నెలో సుద్ద రుచికి కారణం వెతికితే, ఊట బుడగలు రాని వైపే అలా ఉంది. కార్న్‌ఫ్లోర్ 62 డిగ్రీల దాటాక ఉబ్బడం మొదలుపెట్టినా, పూర్తిగా చిక్కబడి పచ్చివాసన పోవాలంటే 95 దగ్గరికి రావాలి. అంచుల్లో బుడగలు వస్తూ మధ్యలో రాకపోతే మధ్యభాగం ఇంకా పచ్చిదే. ఇంకొకటి, కార్న్‌ఫ్లోర్‌ని తడి ముక్కల మీద నేరుగా చల్లితే ఉండలు కడుతుంది. ముందు పంచదారలో కలిపేసి అప్పుడు వేయాలి, లేదా చల్లటి నిమ్మరసంలో కరిగించి పోయాలి. నిమ్మరసం పోశాక ఎక్కువసేపు మరిగించకూడదు, పులుపు తగిలి చాలాసేపు ఉడికితే చిక్కదనం తగ్గిపోతుంది.

నాలుగో పద్ధతే ఖాయం చేశాను. దాని లోపల కూడా రెండు విషయాలు తేలాయి.

గిన్నె వెడల్పు: లోతైన సన్నటి గిన్నెలో 8 నిమిషాలకి ఇగిరింది 45 గ్రా. 28 సెం.మీ. బాణలిలో అదే మంట మీద, అదే టైమ్‌లో 110 గ్రా. ఆవిరి పోయే వైశాల్యం ముఖ్యం, మంట కాదు.

మంట: మొదటి నుంచీ పెద్ద మంట పెడితే ముక్కల అంచులు చెదిరి గుజ్జయ్యాయి. సన్న మంట మీద మూత పెట్టి మొదలుపెడితే నిలిచాయి. యాపిల్‌లో ఉండే ఒక ఎంజైమ్ 60, 70 డిగ్రీల మధ్య పెక్టిన్‌ని, అంటే పండు కణాలని అతికించి ఉంచే పదార్థాన్ని, గట్టిపరుస్తుంది. ఆ వేడి గుండా మెల్లగా వెళ్లిన ముక్క తర్వాత ఎంత ఉడికినా అంత తేలిగ్గా విరిగిపోదు. కాబట్టి మొదటి 3 నిమిషాలు మూత పెట్టి సన్న మంట, తర్వాత 5 నిమిషాలు మూత తీసి మధ్యస్థం.

యాపిల్ రకం సంగతి. గ్రానీ స్మిత్ లాంటి గట్టి పుల్లటి రకం ముక్కగా నిలుస్తుంది. పిండిపిండిగా ఉండే మెత్తటి ఎర్రటి రకాలు కరిగిపోతాయి. అన్నీ గట్టివే వేస్తే ముక్కల మధ్య పట్టు ఉండదు, పొడిగా అనిపిస్తుంది. 500 గ్రా. గట్టివి, 250 గ్రా. మెత్తవి కలిపితే మెత్తవి గుజ్జై గట్టి ముక్కల్ని పట్టుకుంటాయి, కార్న్‌ఫ్లోర్ కూడా సగానికి తగ్గించొచ్చు. 12 గ్రాముల నుంచి 6కి దిగాను.

లెక్క, మగ్గబెట్టాక:
- బాణలిలోకి వెళ్లింది (750 ముక్కలు, 60 పంచదార, 15 నిమ్మరసం): 825 గ్రా.
- ఇగిరాక: 715 గ్రా.
- కార్న్‌ఫ్లోర్ కలిసి, బాణలికి అంటుకుంది పోగా పండు పొర: 720 గ్రా.

దశ 4: పైపొర

వంటగదిలో 31 డిగ్రీలు. బటర్ 32 దాటితే కరగడం మొదలవుతుంది, చేతి వేళ్ల వేడి అంతకంటే ఎక్కువ. బయట ఉంచిన బటర్‌తో పిండి నలిపితే రెండు నిమిషాల్లో ముద్దయింది. ఆ ముద్దనే తుంచి పైన పరిచి బేక్ చేస్తే మొత్తం కలిసి పలకలా గట్టిపడింది. స్పూన్ గుచ్చితే పలక విరగలేదు, కింద యాపిల్ పక్కనుంచి పైకి తన్నుకొచ్చింది.

మార్చింది:

1. బటర్ 1 సెం.మీ. ముక్కలు కోసి ఫ్రీజర్‌లో 15 నిమిషాలు.
2. మైదా ఉన్న గిన్నె ఫ్రిజ్‌లో 20 నిమిషాలు.
3. అరచేయి తగలకుండా వేళ్ల కొసలతో మాత్రమే నలపడం, 4 నిమిషాలకి మించకుండా.

నలిపాక ప్రోబ్ గుచ్చితే 17 డిగ్రీలు. చల్లబరచని పిండిలో అదే 29. పట్టుకున్నప్పుడే తేడా తెలుస్తుంది, చేతికి జిడ్డు అంటదు.

రవ్వలా అయ్యాక ఆపేస్తే పైపొర అంతా ఒకే సైజు పొడిగా ఉంటుంది, బేక్ అయ్యాక ఇసుక తిన్నట్టు. అందుకని చివర్లో పిడికెడు పిడికెడు తీసి ఒక్కసారి గట్టిగా నొక్కి, విరిచి, మళ్లీ గిన్నెలో పడేస్తాను. 5 నుంచి 15 మి.మీ. దాకా చిన్నాపెద్దా ఉండలు, మధ్యలో పొడి. చిన్నవి బాగా కాలి పెళుసుగా, పెద్దవి లోపల కొంచెం మెత్తగా వస్తాయి. నాకు నచ్చేది ఆ ఎగుడుదిగుడే.

గడ్డకట్టిన బటర్‌ని తురిమి కలపడం త్వరగా అవుతుంది కానీ ఉండలు సరిగా కట్టవు. బటర్ కరిగించి పిండిలో పోసి ఫోర్క్‌తో కలిపి, ఫ్రిజ్‌లో 20 నిమిషాలు పెట్టడం ఇంకో దారి. కాస్త గట్టిగా, బిస్కెట్‌లా వస్తుంది. దాన్ని చాలామంది తక్కువ చేసి మాట్లాడతారు గానీ, మండే వేసవిలో వేళ్లతో కుస్తీ పట్టేకంటే అదే నయం.

పాళ్లు. మైదా 100 గ్రాములు అనుకుంటే:

- పంచదార 50, బటర్ 50: బాగుంది, కొద్దిగా పొడిగా.
- పంచదార 50, బటర్ 35: పైన తెల్లటి పొడి పిండి అలాగే మిగిలింది. నోట్లో వేసుకుంటే పచ్చివాసన.
- పంచదార 50, బటర్ 75: ఉండలు కరిగి పరుచుకున్నాయి, డిష్ అంచుల్లో నెయ్యి తేలింది.
- పంచదార 90, బటర్ 50: పంచదార కరిగి గాజుపలకలా గడ్డకట్టింది. చల్లారాక పళ్లకి పని.

బటర్ తగ్గించి చూడటానికి ఒక కారణం ఉంది. రెండో ప్రపంచ యుద్ధంలో, 1940 జనవరి 8న, బ్రిటన్‌లో వెన్న, పంచదార రేషన్‌లోకి వెళ్లాయి. పిండి రొట్టెలో పండు పెట్టి కాల్చే "పై" (pie) కంటే తక్కువ కొవ్వుతో గడిచిపోతుంది కాబట్టి అప్పుడే క్రంబుల్ ఇళ్లల్లో బాగా వాడుకలోకి వచ్చిందంటారు. సరే, ఎంత తక్కువకి గడుస్తుందో చూద్దామని. నా దగ్గరైతే 45 గ్రాముల కిందికి దిగితే పిండి పిండిలాగే ఉండిపోయింది.

ఓట్స్ కలిపితే బటర్ పీల్చుకుని పెళుసుగా కాలతాయి. పెద్ద రేకులవి వాడాలి. త్వరగా ఉడికే సన్న రకం మైదాలో కలిసిపోయి కనిపించకుండా పోయింది. మొత్తం గోధుమపిండితో చేస్తే బరువుగా, గట్టిగా వచ్చింది. సగం గోధుమపిండి, సగం మైదా పర్లేదు, రుచి కూడా కొంచెం పెరుగుతుంది. బ్రౌన్ షుగర్‌లో మొలాసెస్ (చెరకు మడ్డి) తేమ ఉంటుంది, రంగు బాగుంటుంది కానీ త్వరగా మెత్తబడింది. తెల్ల పంచదార, పొడి చేయనిదే, కరకరకి మేలు. అర టీస్పూన్ బేకింగ్ పౌడర్ వేస్తే గుల్లగా వచ్చి, సాయంత్రానికి మెత్తబడింది. తీసేశాను.

లెక్క, పైపొర:
- మైదా 120, పెద్ద రేకుల ఓట్స్ 50: 170
- పంచదార 70: 240
- బటర్ 90: 330
- ఉప్పు 2: 332 గ్రా.

ఉప్పు కలిసిన బటర్ అయితే చివరి 2 గ్రాములు వద్దు.

దశ 5: రెండూ కలిపితే

మగ్గిన యాపిల్ వేడివేడిగా ఉండగానే పైన పిండి చల్లితే, ఒవెన్ దాకా వెళ్లకముందే కింది బటర్ కరిగిపోయింది. ఫ్రిజ్‌లో చల్లబరిచిందంతా వృథా. యాపిల్ 30 డిగ్రీల కిందికి రావాలి. వెడల్పాటి ప్లేటులో పరిస్తే 25 నిమిషాలు పడుతుంది, ఆ టైమ్‌లో పైపొర తయారవుతుంది.

ఇక్కడ ఒక జాగ్రత్త. త్వరగా చల్లారుతుందని నింపిన గాజు డిష్‌నే ఫ్రిజ్‌లో పెట్టి, తీసి నేరుగా 180లో పెట్టకండి. గాజు పగిలే ప్రమాదం ఉంది. చల్లబెట్టాల్సింది పండుని, డిష్‌ని కాదు.

పిండి పైన చల్లి అరచేత్తో అదిమితే చూడటానికి నీట్‌గా ఉంటుంది. ఆవిరి పోయే సందులు మూసుకుపోయి కింద జిగురు కడుతుంది. చల్లి వదిలేయాలి. అంచుల వెంబడి అక్కడక్కడ పండు కనిపించేలా ఉంచితే బుడగలు కూడా కనిపిస్తాయి, ఆవిరికి దారీ ఉంటుంది.

పైపొరని విడిగా ట్రేలో 12 నిమిషాలు వేయించి చివర్లో పండు మీద వేసే పద్ధతీ చేసి చూశాను. కరకర విషయంలో దీన్ని మించింది లేదు. కానీ పిండీ పండూ కలిసిన చోట ఊట పీల్చుకుని ఏర్పడే ఆ జామ్ లాంటి సన్నటి పొర రాలేదు. పైది పైనే, కిందిది కిందే. క్రంబుల్‌లో నేను స్పూన్‌తో వెతుక్కునేదే ఆ పొర. కాబట్టి యాపిల్‌కి వద్దు. బాగా నీరు వదిలే పండ్లకి మాత్రం ఉంచుకున్నాను.

డిష్ మధ్య అర కంటే ఒక మెట్టు కింద. పైన ఉంటే పండు మరగకముందే పైభాగం మాడుతుంది. ఊట పొంగితే పట్టుకోడానికి ట్రే పెట్టాలనుకుంటే డిష్‌కి ఆనకుండా ఇంకా కింది అరలో పెట్టాలి, లేకపోతే కింది రాడ్ వేడిని అది అడ్డుకుంటుంది.

డిష్ మధ్యలో ప్రోబ్ అంకెలు: 20వ నిమిషంలో 71, 30లో 88, 36లో 94, 40లో 96. రంగు 32వ నిమిషానికే వచ్చేసింది. రంగు చూసి దింపితే కార్న్‌ఫ్లోర్ ఉడకదు. 94 దాటేదాకా ఆగాలి, పైన ఎక్కువ ఎర్రబడుతుంటే అల్యూమినియం ఫాయిల్ వదులుగా కప్పాలి. ప్రోబ్ లేకపోతే మధ్యలో కూడా చిక్కటి బుడగలు నెమ్మదిగా పగలడం గుర్తు. పల్చటి బుడగలు గబగబా వస్తుంటే ఇంకా కాలేదు.

లెక్క, మగ్గబెట్టిన పండుతో:
- పండు 720, పైపొర 332, డిష్ 1,060: మొత్తం 2,112 గ్రా.
- బేక్ అయ్యాక: 2,058 గ్రా.
- పోయింది: 54 గ్రా. బటర్ నీరు 14 తీస్తే 40 గ్రా.

112 నుంచి 40కి వచ్చింది. స్పూన్ దించితే తెల్లటి జిగురు లేదు. డిష్ వంచితే ఊట కదిలింది కానీ పరుగెత్తలేదు.

దశ 6: ఇప్పుడు చేస్తున్న పద్ధతి

1. మైదా, ఓట్స్, పంచదార, ఉప్పు ఒక గిన్నెలో తూచి ఫ్రిజ్‌లో. బటర్ ముక్కలు ఫ్రీజర్‌లో.
2. యాపిల్స్ చెక్కు తీసి 1.5 సెం.మీ. ముక్కలు. గట్టివి 500 గ్రా., మెత్తవి 250 గ్రా.
3. బాణలిలో ముక్కలు, 60 గ్రా. పంచదార. మూత పెట్టి సన్న మంట 3 నిమిషాలు, మూత తీసి మధ్యస్థం 5 నిమిషాలు.
4. కార్న్‌ఫ్లోర్ 6 గ్రా. నిమ్మరసం 15 గ్రాముల్లో కరిగించి పోసి, ఒక్కసారి కలిపి దింపడం. దాల్చినచెక్క పొడి అర టీస్పూన్.
5. ప్లేటులో పరిచి 30 డిగ్రీల కిందికి చల్లార్చడం.
6. ఈలోగా పైపొర నలిపి, ఉండలు చేసి, మళ్లీ ఫ్రిజ్‌లో. ఒవెన్ వేడెక్కడానికి పెట్టడం, లైటు ఆరాక కూడా ఇంకో 10 నిమిషాలు.
7. పండు డిష్‌లో, పైన పిండి చల్లి అదమకుండా 180లో 40 నిమిషాలు. 20వ నిమిషంలో ఒకసారి తిప్పడం.
8. బయటికి తీసి 20 నిమిషాలు ముట్టుకోకుండా ఉంచడం. ఊట చిక్కబడేది ఈ టైమ్‌లోనే.

టైమ్ లెక్క: తరగడం 20, మగ్గడం 8 (28), చల్లారడం 25 (53), బేకింగ్ 40 (93), ఆగడం 20 (113). మొత్తం రెండు గంటల లోపు, చేతి పని 40 నిమిషాలు.

డిష్ సైజు వేరైతే వైశాల్యాన్ని బట్టి మార్చుకోండి. నా డిష్ 400 చదరపు సెం.మీ. కాబట్టి చదరపు సెంటీమీటరుకి పండు 1.8 గ్రా., పైపొర 0.83 గ్రా. ఉదాహరణకి 15 సెం.మీ. గుండ్రటి డిష్ 177 చ.సెం.మీ., దానికి పండు 318 గ్రా., పైపొర 147 గ్రా.

దశ 7: వేరే పండ్లు

గట్టి పియర్ అచ్చం యాపిల్‌లాగే, మగ్గబెట్టడం ఇంకో రెండు నిమిషాలు తక్కువ. ప్లమ్, పీచ్ ముక్కలు బాణలిలో చెదిరిపోతాయి, వాటిని పచ్చిగానే వేసి కార్న్‌ఫ్లోర్ 18 గ్రాములకి పెంచాను. బెర్రీలు, అందులోనూ ఫ్రీజర్‌లోవి, విపరీతంగా నీరు వదులుతాయి. 750 గ్రాములకి 25 గ్రా. దాకా పట్టింది, పైపొర కూడా విడిగా వేయించి వేయాల్సి వచ్చింది. బెర్రీలు పావు వంతు, యాపిల్ ముప్పావు వంతు కలిపితే ఈ గొడవ ఉండదు, రంగూ వస్తుంది.

మిగిలినది

ఫ్రిజ్‌లో పెడితే మర్నాటికి పైపొర మెత్తబడుతుంది, దానికి మందు లేదు. మైక్రోవేవ్‌లో వేడిచేస్తే ఇంకా మెత్తబడుతుంది. ఒక గంట ముందే బయట పెట్టి, 160లో 15 నిమిషాలు ఒవెన్‌లో వేడిచేస్తే కరకర చాలావరకు తిరిగొస్తుంది. తూచి చూస్తే ఈ వేడికి ఇంకో 17 గ్రాములు పోయాయి, కాబట్టి రెండోసారి కూడా వేడిచేస్తే పండు ఎండిపోతుంది.

పైపొర మాత్రం రెండింతలు చేసి సగం పచ్చిగా ఫ్రీజర్‌లో జిప్ కవర్లో ఉంచుతున్నాను. కరిగించకుండా నేరుగా చల్లి బేక్ చేయొచ్చు, 4 నిమిషాలు ఎక్కువ పడుతుంది. ఉండల ఆకారం తాజా దానికంటే బాగా నిలుస్తోంది.

ఇంకా చూడాల్సింది గాజు డిష్ బదులు అదే సైజు మెటల్ ట్రే. మెటల్ త్వరగా వేడెక్కుతుంది కాబట్టి అడుగు 94 ముందే దాటాలి, అప్పుడు 40 నిమిషాల్లోంచి ఎంత కోయొచ్చో ప్రోబ్ పెట్టి ఇక్కడే రాస్తాను.